మిగిలిన పులుసుకూర ఇనుప మూకుట్లోనే ఉంచితే ఏమవుతుంది?

వంటిల్లు_గోదావరి:
వంకాయ పులుసుకూర పోత ఇనుము మూకుట్లోనే ఉంచితే తెల్లారేసరికి నల్లబడి, ఇనుప వాసన కొడుతోంది. మూకుడు లోపల బూడిదరంగు మచ్చలు. పాడైంది కూరా, మూకుడా?

నల్లపెనం:
చింతపండు పులుపు నూనె పూత కిందికి దిగి ఇనుమును కరిగిస్తుంది. ఆ ఇనుము వంకాయలోని వగరుతో కలిస్తే నలుపు. ఆ నలుపుతో ప్రమాదం లేదు. కానీ రాత్రంతా బయటే ఉంటే ఆ కూర పారబోయండి. గోంగూర, టమాటా, మజ్జిగపులుసు, దేన్నైనా దించిన వెంటనే స్టీలు గిన్నెలోకి తీసేయాలి.

చద్దిమూట:
వండాక రెండు గంటల్లోపు ఫ్రిజ్‌లో ఉండాలి, మండుటెండల్లో గంటలోపే. లోతు గిన్నె నడుమ వేడి చాలాసేపు ఉండిపోతుంది, అందుకే రెండంగుళాల లోతుకు మించకుండా వెడల్పు గిన్నెల్లో సర్దండి. అన్నంతో మరీ జాగ్రత్త. బాసిల్లస్ సీరియస్ అనే సూక్ష్మజీవి బీజాలు ఉడికినా చావవు. బయట ఉంచిన అన్నంలో అది వదిలే విషం మళ్లీ వేడిచేసినా పోదు.

వంటిల్లు_గోదావరి:
మరి మచ్చలు?

నల్లపెనం:
కొబ్బరిపీచుతో రుద్ది కడగండి, ఒక చుక్క సబ్బు వేసినా నష్టం లేదు. కాలే మూకుడు మీద మాత్రం చన్నీళ్లు పోయొద్దు, పోత ఇనుము పగులుతుంది. సన్నసెగ మీద తడి పూర్తిగా ఆరాక అర చెంచా వేరుశనగ నూనె లోపలా బయటా పట్టించండి. తర్వాత పొడిగుడ్డతో, అసలు నూనే రాయలేదన్నంతగా తుడిచేయండి. అందరూ తప్పు చేసేది ఇక్కడే. పొగ వచ్చి తగ్గేదాకా కాల్చి, చల్లార్చి, మళ్లీ మొదలు. మూడు నాలుగు సార్లకు మచ్చ నల్లగా నున్నబడుతుంది. చల్లారాక వేలికి జిగురు తగిలితే నూనె ఎక్కువైందన్నమాట. అప్పుడు పైన ఇంకో పూత వేయకండి. ఉన్నదాన్నే ఇంకాసేపు కాల్చండి.

అట్లకాడ:
దోశల పెనం మీద చపాతీలు కాల్చొద్దు. నూనె లేని పొడి వేడికి పూత మాడిపోయి, మర్నాడు అట్టు అంటుకుంటుంది. అంటుకుంటే సగం ఉల్లిపాయను నూనెలో ముంచి పెనమంతా రుద్దండి. మొదటి రెండట్లు కాస్త మందంగా పోస్తే మూడోది దానంతటదే లేస్తుంది.

చద్దిమూట:
మూకుడు దాచేటప్పుడు మూత పెట్టకండి. లోపల చెమ్మ నిలిచి తుప్పు పడుతుంది. మూకుడు లోపల పాత న్యూస్‌పేపరు ఒకటి వేస్తే సరి.