కొండల్లో ప్రేమకథ రాయాలంటే మంచు ఉండాల్సిందేనా?

అచ్చంపేట పిల్ల:
అందరికీ నమస్తే. మాది అచ్చంపేట పక్కన ఒక ఊరు. ఏడాది నుంచి ఒక కథల యాప్‌లో సీరియల్స్ రాస్తున్నా. నేను చదివేవీ రాసేవీ ఒకటే రకం, కొండలు, అడవి, దారి తప్పడం, మధ్యలో ప్రేమ. ఇప్పుడు నడుస్తున్న సీరియల్ మనాలిలో పెట్టాను. హీరోయిన్ ట్రెక్కింగ్‌కు పోయి మంచు తుఫానులో చిక్కుకుంటుంది, అక్కడొక చెక్క గుడిసె, అందులో హీరో, మిగతాది మీకు తెలిసిందే. పన్నెండు భాగాలయ్యాయి. అసలు సంగతేమిటంటే నేను మనాలి చూడలేదు. నేనెక్కిన పెద్ద కొండ ఉమామహేశ్వరం, అది కూడా సగం దూరం ఆటోలో.

పదో భాగంలో హీరో ఆమెను వెతుక్కుంటూ కొండ మీదికి పరుగెత్తి, శిఖరం మీద నిలబడి ఒక పేజీ డైలాగ్ చెప్తాడు. దాని కింద ఒకాయన కామెంట్ పెట్టాడు: "అమ్మా, అంత ఎత్తులో పరుగెత్తినోడికి డైలాగ్ రాదు, వాంతి వస్తది." నా కథ కంటే ఆ కామెంట్‌కే లైకులు ఎక్కువ వచ్చాయి. రెండు రోజులు ఆ యాప్ తెరవలేదు.

ఇంట్లో చెప్తే మా అమ్మ "ఇంటెనక నల్లమల పెట్టుకొని మనాలి దాకా ఎందుకు పోయినవే" అంది. మాట నిజమే కానీ నల్లమలలో మంచు లేదు, శిఖరం లేదు, ఎండాకాలం ఆకు కూడా ఉండదు. అక్కడ సాహసం ఏం రాయాలి? ప్రేమకు ఆ ఊపు ఎక్కడినుంచి తేవాలి? ట్రెక్కింగ్ చేసినవాళ్ళు, అడవి తెలిసినవాళ్ళు, ఇట్లాంటి కథలు చదివేవాళ్ళు ఎవరైనా సరే చెప్పండి. తిట్టినా పర్లేదు, ఇప్పటికే అలవాటైంది.

పాలమూరు బ్యాక్‌ప్యాక్:
ఆ కామెంట్ పెట్టింది నేను కాదు, ముందే చెప్తున్నా. కానీ ఆయన చెప్పింది కరెక్ట్. నేను మహబూబ్‌నగర్ వాడిని, హైదరాబాద్‌లో ఉద్యోగం, ఉత్తరాఖండ్‌లో కేదార్‌కంఠ ఎక్కాను, అది దాదాపు 12,500 అడుగులు. 2,500 మీటర్లు దాటాక తలనొప్పి, వికారం, నిద్ర పట్టకపోవడం ఎవరికైనా రావచ్చు, జిమ్‌కు పోయే కండల వీరుడికైనా సరే. ముదిరితే చేసేది ఒక్కటే, కిందికి దిగడం. మీ హీరో ఆమెను భుజాన వేసుకుని ఇంకా పైకి మోసుకుపోతున్నాడు చూడండి, అది ప్రేమ కాదు, హత్యాయత్నం.

ఇంకొకటి, ఏడో భాగంలో గుడిసెలో హీరో ఆమెకు గిన్నెలో అన్నం వండి పెడతాడు. అంత ఎత్తులో నీళ్ళు 100 డిగ్రీల దాకా పోకుండానే మరిగిపోతాయి, ప్రతి 300 మీటర్లకూ సుమారు ఒక డిగ్రీ తగ్గుతుంది, కుక్కర్ లేకపోతే బియ్యం పలుకు పలుకుగానే ఉంటాయి. మాకు మూడు రోజులూ అదే గతి, సగం ఉడికిన కిచిడీ. ఫోన్ బ్యాటరీ చలికి చూస్తుండగానే పడిపోయేది, రాత్రి దాన్ని స్లీపింగ్ బ్యాగ్‌లో పొట్ట దగ్గర పెట్టుకుని పడుకునేవాళ్ళం. ముక్కు కారడం ఆగదు, పెదాలు పగిలి నవ్వితే రక్తం వస్తుంది, స్నానం మాటే లేదు. ఇవన్నీ అయినాక కూడా ఎదుటి మనిషి నచ్చితే అది రాయండి. మా బ్యాచ్‌లో ఒక జంట అట్లాగే కుదిరింది, అబ్బాయి ప్రపోజ్ చేసిన పద్ధతి ఏమిటంటే తన దగ్గరున్న ఆఖరి పొడి సాక్సులు ఆమెకు ఇచ్చేశాడు. నేను కళ్ళారా చూశాను. ఆ సాక్సులకు రంధ్రం కూడా ఉంది.

మనాలి వదిలేయమని నేను అనడం లేదు. చూడకుండా రాస్తే కనీసం వెళ్ళొచ్చినవాళ్ళను నాలుగు ముక్కలు అడగండి అంటున్నా.

కల్వకుర్తి కాకా:
బిడ్డా, నల్లమలలో శిఖరం లేదన్నవు కదా, అక్కడే నువ్వు తప్పు పట్టినవు. నల్లమల ఎక్కే కొండ కాదు, దిగే కొండ. మన్ననూరు దాటి ఘాట్ ఎక్కినంక పైనంతా ఇంచుమించు చదునుగా ఉంటది, అసలు చూడవలసినవన్నీ కిందే ఉంటాయి. సలేశ్వరం శివుని గుడి లోయ అడుగున ఉంది, మల్లెలతీర్థం జలపాతానికి 350 దాకా మెట్లు దిగాలి, కృష్ణ అయితే ఇంకా కింద, ఆ పేరే పాతాళగంగ. మంచుకొండ కథలో మనిషి పైకి పోయి గెలిచి హాయిగా దిగుతడు. మన దగ్గర మొదట దిగుడు, ఒంట్లో సత్తువ ఉన్నప్పుడు ఆటలాడుకుంటూ దిగుతం, ఎక్కేటప్పుడు నీళ్ళు ఖాళీ, ఎండ నెత్తిన, పిక్కలు పట్టేస్తయి. అసలు కథ వాపసు దారిలో ఉంటది. నీ హీరో డైలాగ్ కింద లోయలో చెప్పనీ, ఆ మాటకు కట్టుబడ్డడా లేదా అన్నది ఎక్కేటప్పుడు తెలుస్తది.

సలేశ్వరం జాతర చైత్ర పున్నమికి అవుతది. అప్పుడు తప్ప మామూలు రోజుల్లో అటు పోనియ్యరు, పులుల అడవి అది. రాంపూర్ పెంట దగ్గర బండ్లు ఆపి నడక, పెంట అంటే చెంచుల గూడెం. పోయేటోళ్ళు "వస్తున్నం లింగమయ్యా" అని అరుస్తరు, వచ్చేటోళ్ళు "పోయొస్తం లింగమయ్యా" అంటరు, ఇరుకు దారిలో రెండు అరుపులూ ఒకదాన్నొకటి దాటుకుంటూ పోతయి. పూజారులు చెంచులు.

ఒకసారి నా ముందర ఒక ముసలాయన, ముసలమ్మ పోతున్నరు. లోయ అంచున ఒక చోట పక్కనే బండ, అటువైపు ఏమీ లేదు, ఒక మనిషి పట్టేంత దారి. ఆయనకు కళ్ళు తిరిగినట్టున్నయి, కూలబడ్డడు. వెనక జనం ఆగిపోయి ఒకటే అరుపులు. ఆమె తొందరపడలేదు, ఆయన భుజం మీది తువ్వాల తీసి ఒక కొస తన మణికట్టుకు రెండు చుట్లు చుట్టుకుంది, ఇంకో కొస ఆయన పిడికిట్ల పెట్టింది, ముందు తను నడిచింది. ఆయన ఆ తువ్వాల కొస చూసుకుంటనే దాటిండు, లోయ దిక్కు చూడలే. దాటినంక నేను నవ్వుతూ "చెయ్యి పట్టుకోవచ్చు కదమ్మా" అంటే, "మందిల చెయ్యెట్ల పట్టుకుంటం అయ్యా, నగరా" అంది. నలభై ఏండ్ల కాపురమన్నా ఉంటది వాళ్ళది. ఇది రాయి.

మంచుకథల అభిమాని:
నాకు మాత్రం మంచే కావాలి. నేను నల్లగొండలో ఉంటా, ఏప్రిల్‌లో కూలర్ ముందు కూర్చుని చదువుతా, బయట నలభై దాటి ఉంటుంది. అప్పుడు ఎవరో దాహంతో లోయ ఎక్కుతున్నారంటే నాకు ఇంకా చెమటలు పడతాయి. కథ చదివేది కాసేపు ఇక్కడి నుంచి పోదామని. ఆ గుడిసె, ఆ ఒక్క దుప్పటి, బయట తుఫాను, అందరూ వెక్కిరిస్తారు కానీ అందరూ చదువుతారు. ఇద్దరినీ ఒక రాత్రి కదలకుండా ఒక చోట కూర్చోబెట్టే వంక ఉండాలి కదా, అదే ఆ తుఫాను చేసే పని. మీ నల్లమలలో అట్లాంటి వంక చూపించండి, అప్పుడు మాట్లాడదాం.

కల్వకుర్తి కాకా:
వంక కావాలా? రాత్రి 9 దాటితే మన్ననూరు చెక్‌పోస్టు మూస్తరు, మళ్ళ పొద్దున 6కే. అటు శ్రీశైలం దిక్కు దోమలపెంటలో కూడా అంతే. ఐదు నిమిషాలు ఆలస్యమైనా ఎవరి మాటా వినరు, రాత్రిపూట జంతువులు రోడ్డు మీదికి వస్తయి కాబట్టి. బండ్లన్నీ వరుసగా నిలబడతయి. నేను ఒకసారి అట్లా ఇరుక్కున్న, రాత్రంతా లారీ డ్రైవర్లతో ముచ్చట్లు.

మంచుకథల అభిమాని:
అయ్యో ఇది బాగుందే. ఇద్దరూ దర్శనం చేసుకుని వస్తూ గొడవ పడాలి, ఆ గొడవ వల్లే ఐదు నిమిషాలు లేటవ్వాలి, తప్పు ఎవరిదో తెల్లారేదాకా వాదించుకోవాలి. గుడిసె కూడా అక్కర్లేదు, కారు అద్దాలు దించితే దోమలు, ఎక్కిస్తే ఉక్క. సరే, ఒక మార్కు నల్లమలకు.

దేవరకొండ మాస్టారు:
రిటైరైన తెలుగు పంతులును, కాస్త పాఠం చెప్పినట్టుంటే క్షమించాలి. కొండ, ప్రేమ, సాహసం అంటే మనకు కొత్తగా బయటినుంచి దిగినట్టు మాట్లాడుతున్నారు. రాచకొండ తెలుసు కదా, దేవరకొండలాగే రేచర్ల పద్మనాయకుల దుర్గం. ఆ రాచకొండను ఏలిన సర్వజ్ఞ సింగభూపాలుడే సంస్కృతంలో రసార్ణవసుధాకరం రాశాడు. శృంగారం ఎట్లా పుడుతుంది, వీరం ఎట్లా నిలుస్తుంది అని లెక్కలు కట్టిన రాజు కొండ మీద కోట కట్టుకుని ఉన్నాడు, కింద శత్రువుతో యుద్ధాలు చేస్తూ.

రసశాస్త్రంలో ఆలంబనం, ఉద్దీపనం అని రెండున్నాయి. నాయికా నాయకులు ఆలంబనం. వెన్నెల, వాన, చల్లగాలి, కొండ, ఇవన్నీ ఉద్దీపనం, అంటే ఉన్న నిప్పును రాజేసేవి. మీ మనాలి కథలో నేను చూసినంతవరకు నిప్పు లేదు, ఊదడం మాత్రం పన్నెండు భాగాలుగా జరుగుతోంది. ఆ అమ్మాయి ఇంట్లో ఎవరున్నారు, ఆ అబ్బాయి ఏం పని చేసి బతుకుతాడు, నాకు తెలియలేదు. మంచు ఎన్ని అంగుళాలు పడిందో తెలిసింది.

మా దేవరకొండ కోట మీద అయినా కథ పెట్టవచ్చు. ఏడు కొండలను చుట్టిన గోడ, లోపల కోనేరు, సీతాఫలం చెట్లు. వచ్చే పడుచు జంటలు మాత్రం గోడల మీద పేర్లు చెక్కి పోతున్నారు, అది మీ కథలో పెట్టకండి, చూసి ఇంకో పది మంది చెక్కుతారు.

పాలమూరు బ్యాక్‌ప్యాక్:
మాస్టారు బాగా వేశారు, ఆ ఊదుడు మాటకు నవ్వాపుకోలేకపోయా. కోటల మాట వచ్చింది కాబట్టి, భువనగిరి గుట్ట కూడా గుర్తు పెట్టుకోండి. ఒకే బండ. మాలావత్ పూర్ణ తాడు పట్టుకుని ఎక్కడం నేర్చుకుంది ఆ బండ మీదే, 2014 మే 25న ఎవరెస్టు ఎక్కేనాటికి ఆమెకు పద్నాలుగేళ్ళు నిండలేదు. గురుకులంలో చదివిన పిల్ల. అంటే మంచుకొండ కథ కూడా మన గుట్ట దగ్గర మొదలు కావచ్చు.

పెంట బడి టీచర్:
అమ్రాబాద్ వైపు చెంచు పెంటల్లో కొన్నేళ్ళు పనిచేశాను. ఒక విన్నపం ముందు. నల్లమల అనగానే మీ రచయితలు అమాయకపు చెంచు పిల్లను ఒకామెను పెట్టి, పట్నం నుంచి వచ్చిన హీరోను చూడగానే ఆమెను ప్రేమలో పడేస్తారు. దయచేసి వద్దు. నా దగ్గర చదివిన పిల్లలు పట్నంవాళ్ళను చూసి ముందు నవ్వుతారు, ఎందుకంటే వాళ్ళకు కాలిబాట కనపడదు. నిజానికి వాళ్ళ కథలో వరస తలకిందులు, శ్రీశైలం మల్లన్నను చెంచులు తమ అల్లుడంటారు. దేవుడైనా సరే, వాళ్ళ ఇంటికి పిల్ల కోసం వచ్చినవాడే.

సాహసం అడిగారు కాబట్టి తేనె సంగతి చెప్తా. కొండచరియకు వేలాడే పెద్ద తుట్టెలు ఉంటాయి. పైనుంచి తాడు వేసుకుని దిగి, పొగ పెట్టి కోస్తారు, కింద లోయ. నేనొకసారి అమాయకంగా "తాడు ఎవరు పట్టుకుంటారు, బలమైనోళ్ళా" అని అడిగా. ఆయన నన్ను చిన్నపిల్లను చూసినట్టు చూసి, "బామ్మర్ది" అన్నాడు. ఎందుకు అంటే, "అన్నదమ్ములు వదిలినా వదులుతరు టీచరమ్మా, బామ్మర్ది వదలడు, వాడు వదిలితే వాని చెల్లె పుస్తె తెగుతది." తర్వాత ఆయన బామ్మర్దిని కూడా చూశాను, సన్నగా పుల్లలా ఉన్నాడు, నలభై కిలోలు ఉంటాడేమో. పైన తాడును చెట్టు మొదలుకు కట్టి, కొస పట్టుకుని, కళ్ళు మూయకుండా కూర్చున్నాడు. బావ పైకి వచ్చేదాకా ఎవరు పలకరించినా పలకలేదు.

అచ్చంపేట పిల్ల:
టీచరమ్మా, ఇది చదివి పొయ్యి మీద పాలు పొంగిపోయాయి, అమ్మతో తిట్లు తిన్నా. నాకు ఒకటి తడుతోంది. ఇద్దరూ ఆ పెంటవాళ్ళే అనుకోండి. అమ్మాయి అన్నకు ఆ అబ్బాయి అంటే పడదు, పిల్లనివ్వనంటాడు. తేనె కాలం వస్తుంది, అబ్బాయి తాడు తీసుకుని చరియ దగ్గరికి పోతాడు కానీ పట్టేవాడు లేడు, పెళ్ళి కాలేదు కదా, బామ్మర్ది లేడు. అప్పుడు ఆ అన్న వచ్చి ఏమీ మాట్లాడకుండా తాడు కొస పట్టుకుని కూర్చుంటే? అంటే ఒప్పుకున్నట్టే కదా? ఇట్లా జరుగుతుందా, జరగదా? తప్పుంటే చెప్పండి, మళ్ళీ వాంతి కామెంట్ నేను తట్టుకోలేను.

పెంట బడి టీచర్:
నేను అట్లా చూడలేదు. కానీ అన్న వచ్చి కూర్చుంటే అక్కడున్న ప్రతి ఒక్కరికీ సంగతి అర్థమవుతుంది, ఎవరూ ఎవరికీ వివరించాల్సిన పని ఉండదు. రాసేముందు ఒకసారి రండి, ఎవరినైనా కూర్చోబెట్టి అడుగుదాం. చెప్పినదానికి వాళ్ళ పేరు పెట్టాలా వద్దా కూడా వాళ్ళనే అడగండి.

దేవరకొండ మాస్టారు:
ఇప్పుడు నిప్పు ఉంది.

మంచుకథల అభిమాని:
అదంతా బానే ఉంది, మరి మనాలి సీరియల్ సంగతి? పన్నెండు భాగాలు చదివాను నేను, మధ్యలో వదిలేస్తే ఊరుకోను.

అచ్చంపేట పిల్ల:
వదలను అక్కా. పదమూడో భాగంలో హీరోయిన్‌కు తలనొప్పి మొదలై కిందికి దిగుతుంది, అక్కడినుంచి రైలెక్కి ఇంటికి వస్తుంది. హీరో అక్కడే ఉంటాడు, ఉడకని అన్నం తింటూ.

మంచుకథల అభిమాని:
పాపం, ఆ ఒక్క దుప్పటైనా అతనికి వదిలేసి రమ్మను.