'అమెచ్యూర్ క్రికెటర్'ని తెలుగులో ఏమందాం?

అందరికీ నమస్కారం. ఒక పత్రిక కోసం పాతకాలపు ఇంగ్లిష్ క్రికెటర్ జాక్ మెక్‌బ్రయన్ మీద వ్యాసం తెలుగు చేస్తున్నాను. సోమర్సెట్ కౌంటీకి 1911లో మొదలుపెట్టి 1931 దాకా ఆడాడు. మూలంలో పేరాకి ఒకసారి 'అమెచ్యూర్' అని వస్తోంది. నిఘంటువు 'ఔత్సాహిక' అంటోంది. అలా రాసి చదువుకుంటే, ఆదివారం పొద్దున బ్యాటు పట్టుకొని గ్రౌండుకి పోయే కుర్రాడు గుర్తొస్తున్నాడు. ఈయనేమో టెస్టు ఆడినవాడు, 1920 ఆంట్వెర్ప్ ఒలింపిక్స్‌లో హాకీ స్వర్ణం గెలిచిన జట్టులో ఉన్నవాడు. ఏం రాయమంటారు?

* * *

'ఔత్సాహిక' చాలండీ. పేపర్లలో ఏళ్లుగా అదే వాడుతున్నారు. కొత్త మాట పుట్టిస్తే పాఠకుడు ఆటని వదిలేసి మాట దగ్గర ఆగిపోతాడు.

* * *

'వృత్త్యేతర క్రీడాకారుడు' అంటే?

* * *

ఆ మాట పలికేలోపు ఓవర్ అయిపోతుంది సార్.

* * *

అమ్మా, నీ సందేహం సరైనదే. తెలుగులో 'ఔత్సాహిక'కి ఇప్పుడు రెండు వాడుకలున్నాయి. ఒకటి నాటకాల వాళ్లది. సురభి వాళ్లకి నాటకమే బతుకుతెరువు కాబట్టి వాళ్లది వృత్తి సమాజం. ఆఫీసు నుంచి వచ్చాక రిహార్సల్సు చేసుకొని పరిషత్తు పోటీలకి వెళ్లేవాళ్లవి ఔత్సాహిక సమాజాలు. ఇక్కడ ఎక్కువ తక్కువలు లేవు, డబ్బు సంగతి ఒక్కటే తేడా. రెండో వాడుక ఈమధ్యది: ఔత్సాహిక రచయిత, ఔత్సాహిక పారిశ్రామికవేత్త. అంటే ఇప్పుడిప్పుడే దిగుతున్నవాడు, ఇంకా చెయ్యి తిరగనివాడు. నీ చెవికి తగులుతున్నది ఈ రెండోది.

కౌంటీ క్రికెట్‌లో అమెచ్యూర్ ఈ రెంటిలోనూ ఇమడడు. అక్కడ అది నైపుణ్యం సంగతి కాదు, డబ్బు సంగతి కూడా పైకి మాత్రమే. అసలది అంతస్తు. ఆ రోజుల్లో అమెచ్యూర్లకి ఒక డ్రెస్సింగ్ రూమ్, జీతానికి ఆడే ప్రొఫెషనల్స్‌కి వేరే రూమ్. చాలా మైదానాల్లో లోపలికి వచ్చే గేట్లు కూడా వేరు. కెప్టెన్సీ దాదాపు ఎప్పుడూ అమెచ్యూర్‌దే. 1925లో యార్క్‌షైర్ కౌంటీ క్లబ్బు సభలో దాని అధ్యక్షుడు లార్డ్ హాక్ లేచి, ఇంగ్లండ్‌కి ప్రొఫెషనల్ ఎవరూ కెప్టెన్ కాకుండా దేవుడు చూడాలని బాహాటంగా అన్నాడు. అదే ఏడాది యార్క్‌షైర్ కెప్టెన్‌గా వచ్చిన మేజర్ లప్టన్‌కి నలభై అయిదు దాటాయి, బ్యాటింగ్ అంతంతమాత్రం. మైదానంలో నిజంగా నడిపించింది ప్రొఫెషనల్ అయిన విల్‌ఫ్రెడ్ రోడ్స్ అని అందరికీ తెలుసు. జట్టు చాంపియన్ అయింది, పేరు మేజర్ గారిది.

అలాగని అమెచ్యూర్లందరూ అలంకారానికి ఉన్నవాళ్లు అనుకోకు. నీ మెక్‌బ్రయన్ జట్టులోనే జె.సి. వైట్ ఉండేవాడు. వృత్తి వ్యవసాయం, ఎడమచేతి స్లో బౌలర్. 1929లో అడిలైడ్ టెస్టులో 124 ఓవర్లకి పైగా వేసి 13 వికెట్లు తీశాడు. ఇంగ్లండ్ 12 పరుగులతో గట్టెక్కింది. ఈయన్ని 'ఔత్సాహిక బౌలర్' అని రాస్తే చదివేవాడికి ఏం అర్థమవుతుంది చెప్పు?

డబ్బు సంగతి పైకి మాత్రమే అని ఎందుకన్నానంటే, ఖర్చుల పేరుతోనో, క్లబ్బు సెక్రటరీ ఉద్యోగం పేరుతోనో దారులు ఉండేవి. గ్లామోర్గన్ కౌంటీకి మారిస్ టర్న్‌బుల్ కెప్టెనూ ఆయనే, సెక్రటరీ కూడా ఆయనే. (ఆయన జట్టు కోసం పడ్డ కష్టం చూస్తే ఆ పదవి ఉత్తుత్తిది కాదులే. 1944లో నార్మండీ యుద్ధంలో పోయాడు.) అన్నిటికన్నా విడ్డూరం ఇంగ్లండ్ బ్యాట్స్‌మన్ వాలీ హామండ్‌ది. ఏళ్ల తరబడి జీతానికి ఆడి, ఒక టైర్ల కంపెనీలో డైరెక్టర్ పదవి దొరకగానే అమెచ్యూర్ అయ్యాడు. 1938లో ఇంగ్లండ్ కెప్టెన్ అయ్యాడు. అదే మనిషి, అదే కవర్ డ్రైవ్. ఆయనలో ఏ కొత్త ఉత్సాహం పుట్టిందని 'ఔత్సాహికుడు' అంటాం?

* * *

మాస్టారూ, స్కోరుకార్డు సంగతి వదిలేశారు! అమెచ్యూర్ అయితే పొడి అక్షరాలు ఇంటిపేరుకి ముందు, ప్రొఫెషనల్ అయితే వెనక వేసేవారు, లేదా అసలు వేసేవారు కాదు. 1950లో లార్డ్స్‌లో ఫ్రెడ్ టిట్మస్ అనే పదిహేడేళ్ల ప్రొఫెషనల్ పేరు ముందు పొరపాటున అక్షరాలు పడితే, కార్డు సరిచేసుకోండని మైకులో చెప్పారట. ఆ లెక్కన మనవాళ్లంతా పుట్టుకతో అమెచ్యూర్లే. పొడి అక్షరాలు ముందు లేని తెలుగువాడు ఎక్కడున్నాడు? కాకపోతే మన అక్షరం ఇంటిపేరుది, వాళ్లది సొంతపేరుది.

* * *

మరయితే 'గారు'తో పని జరగదా? అమెచ్యూర్ పేరు వచ్చినప్పుడల్లా 'మెక్‌బ్రయన్ గారు', ప్రొఫెషనల్ అయితే ఒట్టి 'హాబ్స్'. తేడా చెప్పకుండానే తెలిసిపోతుంది.

* * *

సరదాగా ఉంది కానీ వ్యాసం మొత్తం నడవదు. జాక్ హాబ్స్ అంతటి బ్యాట్స్‌మన్‌ని గారు లేకుండా రాస్తే మన పాఠకులే ఊరుకోరు. పైగా 1926లో ఓల్డ్ ట్రాఫర్డ్ టెస్టు మధ్యలో కెప్టెన్ కార్‌కి టాన్సిల్స్ వాచి పడుకుంటే జట్టుని నడిపింది హాబ్సే. ఒక్క చోట మాత్రం వాడొచ్చు: స్కోరుకార్డు వర్ణించే పేరాలో.

* * *

మన వైపు కూడా ఒకాయన ఉన్నాడు కదా, విజయనగరం మహారాజకుమార్, 'విజ్జీ'. 1930లో తన జట్టులో ఆడించడానికి ఇంగ్లండ్ ఆటగాళ్లు హాబ్స్‌నీ సట్‌క్లిఫ్‌నీ ఇండియాకి రప్పించాడు. 1936లో భారత జట్టు కెప్టెన్‌గా ఇంగ్లండ్ వెళ్లి మూడు టెస్టుల్లో కలిపి 33 పరుగులు చేశాడు, ఆ పర్యటనలోనే 'సర్' బిరుదు తెచ్చుకున్నాడు. ఆయన్ని ఎవరూ ఔత్సాహికుడు అనలేదు. జమీందారు అన్నారు. అందుకని నా ఓటు 'దొర ఆటగాడు'కి.

* * *

'దొర' అనగానే మనకి తెల్లదొర, లేకపోతే గడీ దొర కళ్లముందుకొస్తారు. మెక్‌బ్రయన్ ఆ కోవలోకి రాడు. సైన్యంలో అధికారి. మొదటి ప్రపంచయుద్ధంలో, 1914 ఆగస్టులో ఫ్రాన్స్‌లోని ల కాటో దగ్గర గాయపడి జర్మన్లకి బందీగా చిక్కాడు. యుద్ధం ముగిసేదాకా సొంత దేశం చూడలేదు. తర్వాత ఏదో పని చేసుకుంటూ, తీరిక దొరికినప్పుడు ఆడేవాడు. అందుకే చెప్తున్నాను, 'అమెచ్యూర్' అనే ఉంచమ్మా. మొదటిసారి వచ్చినచోట ఒక్క వాక్యం కలుపు: 'జీతం తీసుకోకుండా, పెద్దమనిషి హోదాలో ఆడేవాళ్లని ఇంగ్లండ్‌లో అమెచ్యూర్లు అనేవారు.' వికెట్‌నీ ఓవర్‌నీ తెలుగు చెయ్యలేదు కదా, దీన్ని మాత్రం ఎందుకు?

* * *

అలాగే చేస్తాను మాస్టారూ. 'పెద్దమనిషి హోదా' నాకు బాగా నచ్చింది. అమెచ్యూర్లకీ ప్రొఫెషనల్స్‌కీ మధ్య 1962 దాకా సాగిన 'జెంటిల్మెన్ – ప్లేయర్స్' మ్యాచ్‌ని కూడా 'పెద్దమనుషులు – ఆటగాళ్లు' అనేయొచ్చు. ఇక మిగిలింది ఆయన ఏకైక టెస్టు. 1924, ఓల్డ్ ట్రాఫర్డ్, దక్షిణాఫ్రికా మీద. మొదటిరోజు రెండు ముప్పావు గంటలు ఆడగానే వర్షం, ఇక మళ్లీ ఆట లేదు. ఆయన బ్యాటింగ్ చెయ్యలేదు, బౌలింగ్ చెయ్యలేదు, ఒక్క క్యాచ్ కూడా పట్టలేదు. మళ్లీ ఇంగ్లండ్‌కి ఎంపిక కాలేదు. దానికి 'టెస్టు ఆడాడు' అని రాయనా, 'టెస్టులో ఉన్నాడు' అని రాయనా?

* * *

'ఆడాడు' అనే రాయండి. ఫీల్డింగ్ చేశాడు కదండీ పాపం!