నా నవలలోని ఉప్పు సన్యాసులకు కర్మ సిద్ధాంతం కుదరడం లేదు, సాయం చేయండి

కాల్పనిక లోకం మీద నవల రాస్తున్నాను. అందులోని సన్యాసుల తత్త్వం నెల్లూరు జిల్లా ఇస్కపల్లి ఉప్పు మడుల దగ్గర పుట్టిన ఊహ. సముద్రమంతా ఒకే ప్రాణం. దేహం ఒక మడి. ఎండకు నీరు ఇగిరి, గట్టిపడి మెరిసే పలుకే ‘నేను’. మరణమనే వాన కురిస్తే పలుకు కరిగి సముద్రంలో కలుస్తుంది.

ఛాందోగ్య ఉపనిషత్తులో ఉద్దాలకుడనే ఋషి కొడుకు చేత ఉప్పును నీళ్లలో వేయించి, మర్నాడు పైన, మధ్యన, అడుగున రుచి చూడమంటాడు. అక్కడ కరగడం ముఖ్యం, నా సన్యాసులకు గడ్డకట్టడం ముఖ్యం. అయినా అద్వైతానికే వేషం మార్చానంటారేమోనని బెంగగా ఉంది.

అసలు చిక్కు వేరు. అందరూ కలిసిపోతే పాపఫలం ఎవరిది? ఉప్పు తేలాక మడిలో మెగ్నీషియం లవణాలతో చేదు నీరు మిగులుతుంది, దాన్ని బయటికి వదిలేయాలి. వదలకపోతే ఉప్పుకు చేదు పడుతుంది. ఆ చేదు నీరే కర్మ అనుకున్నాను. మనిషి పోయినా అది మడిలోనే ఉండి తరువాతి పలుకుకు అంటుతుంది. ఈ ఊహను వదులుకోలేను, కానీ ఒకరి తప్పుకు మరొకరు చేదెక్కడం న్యాయమేనా?

శాశ్వతమైన ఆత్మ లేదంటూనే కర్మ కొనసాగుతుందని బౌద్ధులు చెప్పారు కదా. మన చందవరం బౌద్ధ స్తూపం చూసినప్పటి నుంచి అదే ఆలోచన. ఆ వాదం తెలిసినవారు నా సన్యాసుల చేత ఏం చెప్పించవచ్చో సూచించండి. ఉప్పు రైతులు ఎవరైనా ఉంటే, చేదు నీటిని ఏ గుర్తు చూసి వదులుతారో కూడా దయచేసి చెప్పండి. దీక్ష ఇచ్చే ఘట్టం దాని మీదే ఆధారపడి ఉంది.