‘సహాయ నటుడు’, ‘గుణచిత్ర నటుడు’ ఒకటేనా?

ప్రశ్న: సినిమాల్లోనూ సీరియళ్లలోనూ చాలా ఏళ్లు పనిచేసిన ఒక నటుడి గురించి వ్యాసం రాస్తున్నాం. పాత పత్రికల్లో ఒకచోట సహాయ నటుడు, ఇంకోచోట గుణచిత్ర నటుడు, మరోచోట క్యారెక్టర్ ఆర్టిస్టు అని ఉంది. ఏది వాడాలండీ? గుణచిత్రం అంటే మంచి సినిమా అనుకుంటారేమో!

జవాబు: ఇక్కడ చిత్రం అంటే సినిమా కాదండి, చిత్రణ. మనిషి గుణాన్ని రూపు కట్టించే నటుడని అర్థం. తమిళంలోనూ ‘గుణచ్చిత్తిర నడిగర్’ అనే అంటారు. మన దగ్గర ఇది పత్రికల మాట, అవార్డుల మాట, సెట్లో వినపడదు. నంది అవార్డుల్లో సహాయ నటుడు, గుణచిత్ర నటుడు వేర్వేరు విభాగాలు. ఒకదాని బదులు ఇంకొకటి రాస్తే సమాచారమే తప్పవుతుంది.

మరొకరు: పై మాటకు చేర్పు. క్యారెక్టర్ ఆర్టిస్టు అనేది వృత్తి, సహాయ నటుడు అనేది ఒకానొక సినిమాలో ఆ పాత్రకున్న స్థానం. పి.ఎల్. నారాయణ గారు క్యారెక్టర్ ఆర్టిస్టు. 1991 నాటి ‘యజ్ఞం’కి జాతీయ ఉత్తమ సహాయ నటుడి అవార్డు అందుకున్నారు. ఈ వరసలో రాస్తే చిక్కుండదు. ‘సహాయ దర్శకుడు’ పోలికతో చూడకండి. అతను దర్శకుడికి సాయం చేస్తాడు. సహాయ నటుడు నిలబెట్టేది కథని, హీరోని కాదు.

ఇంకొకరు: సినిమా వాళ్ల మాటలు కూడా జాగ్రత్త. ‘జూనియర్ ఆర్టిస్టు’ అంటే వయసులో చిన్నవాడు కాదు, గుంపులో కనిపించే నటుడు. మీ వ్యాసంలో ఇతన్నీ క్యారెక్టర్ ఆర్టిస్టునీ కలపొద్దు. ‘కాంబినేషన్’ అంటే ఇద్దరు ముగ్గురు నటులు ఒకే ఫ్రేములో ఉండాల్సిన సీను. హీరో షూటింగు డేటు మారితే క్యారెక్టర్ ఆర్టిస్టు డేటూ మారుతుంది, అదే రోజు సీరియల్‌కి ఇచ్చుంటే రెండూ ఢీకొంటాయి. ‘కంటిన్యుటీ’, అంటే సీను పూర్తయ్యేదాకా వేషంలో తేడా రాకుండా చూసుకోవడం, ఇంకో తలనొప్పి: సినిమా సీను సగంలో ఉండగా సీరియల్ కోసం గడ్డం తీయడానికి లేదు. చాలామందికి పారితోషికం రోజు లెక్కన కాబట్టి, ‘పది రోజుల వేషం’ అంటే కథలో పది రోజులు కాదు, షూటింగులో పది రోజులు. ఇంటర్వ్యూల్లో ఈ మాట వస్తే అలాగే అర్థం చేసుకోండి.

ప్రశ్న అడిగినవారు: సంతోషమండి. మన అలంకార శాస్త్రంలో దీనికి పాత మాటేమైనా ఉందా?

జవాబు: ఉంది, పీఠమర్దుడు. నాయకుడి కంటే గుణాల్లో కొంచెం తక్కువగా ఉండి అతనికి తోడు నిలిచే పతాకానాయకుడు. ప్రధాన కథతో పాటు చాలా దూరం నడిచే ఉపకథ పతాక, కాసేపు వచ్చిపోయేది ప్రకరి. రామకథలో సుగ్రీవుడిది పతాక, శబరిది ప్రకరి. నిడివిని బట్టి చేసిన ఈ విభజన ఇవాళ్టి పాత్రలకూ బాగా అతుకుతుంది. మీ వ్యాసంలో మాత్రం పీఠమర్దుడు వద్దు, క్యారెక్టర్ ఆర్టిస్టు అనే రాయండి. ఆ నటులు తమను తాము పిలుచుకునే పేరు అదే.