నాదముగ్గా, సద్దుముగ్గా?

మొన్న నేను అడిగిన ప్రశ్నకు వచ్చిన జవాబులన్నీ చదివాను. ఒక్కొక్కరికీ విడిగా రాసే బదులు అన్నీ కలిపి ఇక్కడే రాస్తున్నాను. కొంచెం పొడుగవుతుంది.

కొత్తగా చూసేవాళ్ల కోసం ప్రశ్న మళ్లీ చెప్తాను. నేను రాస్తున్న సైన్స్ కథలో ఒక కల్పిత శాస్త్రం ఉంది. ధ్వని వల్ల పలక మీద ఏర్పడే ఆకారం స్థలకాలాన్ని వంచగలదని ఆ శాస్త్రం చెప్తుంది. శ్రుతి, ఆకారం రెండూ కుదిరితే చిన్న గదిలో పెద్ద గది తెరుచుకుంటుంది. కథ జరిగేది మా అనంతపురం జిల్లాలో. కథానాయిక తాడిపత్రిలో బండలు పాలిష్ చేసే ఫ్యాక్టరీలో పనిచేస్తుంది. ఆ ఆకారాన్ని ఆమె ఏమని పిలవాలి?

ఇందులో నిజమెంతో కూడా కొందరు అడిగారు. ధ్వని ఆకారాలు గీయడం నిజమే. 1680లో రాబర్ట్ హుక్ గాజుపలక మీద పిండి చల్లి చూశాడు. 1787లో ఎర్నెస్ట్ క్లాడ్నీ దాని గురించి పుస్తకమే వేశాడు. పలక మీద ఇసుక చల్లి, అంచును వయొలిన్ కమానుతో రాస్తే ఇసుక కదిలి నక్షత్రాల్లాగా, గళ్లలాగా సర్దుకుంటుంది. మన సి.వి. రామన్ మృదంగం మీద సన్న ఇసుక చల్లి, అది ఎలా మోగుతుందో 1934లో వివరించాడు. ఈ ధ్వని ఆకారాల అధ్యయనానికి సైమాటిక్స్ అనే పేరు స్విట్జర్లాండ్ వైద్యుడు హాన్స్ జెన్నీ పెట్టింది. గ్రీకులో కైమా అంటే అల. ఇక స్థలకాలాన్ని వంచేది ద్రవ్యరాశి, శక్తి. పలక మీది మోత వల్ల అది కొలవగలిగేంతగా వంగదు. 2015 సెప్టెంబర్ 14న రెండు కృష్ణబిలాలు కలిసిపోయినప్పుడు స్థలకాలంలో పుట్టిన అల మన భూమిని దాటినప్పుడు దాని పౌనఃపున్యం మన చెవికి అందే పరిధిలోనే ఉంది, అయినా అది ధ్వని కాదు. ధ్వనికీ స్థలకాలపు వంపుకీ మధ్య లేని వంతెనను కథ కోసం నేను కట్టుకున్నాను.

ఇప్పుడు మాటల దగ్గరికి వద్దాం.

‘శబ్దచిత్రం’ అన్నారు ఒకరు. పాతతరం వాళ్లకు అది టాకీ సినిమా. ‘ధ్వనిరూపశాస్త్రం’, ‘నాదాకృతి’ తప్పు కాదు, పాఠ్యపుస్తకంలో బాగుంటాయి. కానీ రూపం, ఆకృతి అనేవి చూసేవాడికి ఎదురుగా ఉండే వస్తువులు. వాటి లోపలికి మనిషి వెళ్లడు. నాకు కావాల్సింది మనిషి లోపలికి వెళ్లగలిగే గీత.

అందుకే ముగ్గు. ఇది వాకిట్లో అలంకారం మాటేగా అని ఒక అక్క అడిగారు. అక్కా, పోయినేడు మా ఇంటి వెనక ఒక గది వేయించాం. మేస్త్రి వచ్చి దారం పట్టి, మూలలు చూసుకుని, సున్నంతో నేల మీద గీతలు పోశాడు. ‘ముగ్గు పోశాను, రేపు పునాది తీస్తాం’ అన్నాడు. వాకిట్లో ముగ్గు వేస్తాం, పెడతాం. ఇంటికి మాత్రం ముగ్గు పోస్తాం. ఆ సాయంత్రం మా చిన్నోడు సున్నపు గీత మధ్య నిలబడి ‘నేను గదిలో ఉన్నా’ అన్నాడు. గోడ లేదు, కప్పు లేదు. అయినా వాడు చెప్పింది తప్పని నేను అనలేకపోయాను. ముందు ముగ్గు, ఆ తర్వాతే చోటు. నా కల్పిత శాస్త్రం మొత్తం చెప్పేది ఇదే కదా! ‘ముగ్గులోకి దించడం’ అనే జాతీయంలో కూడా గీత దాటి లోపలికి వెళ్లినవాడి పరిస్థితి మారిపోతుంది. ఆకృతిలోకి ఎవర్నీ దించలేం.

నాదముగ్గు అంటే వైరి సమాసం, అంటే సంస్కృత మాటను తెలుగు మాటతో అతికించినది, అవుతుందని ఇద్దరు అభ్యంతరం చెప్పారు. వంటశాల, పెళ్లిమండపం రోజూ అంటున్నాం కాబట్టి ఆ అభ్యంతరం నన్ను ఆపదు. నన్ను ఆపింది వేరే. నాదం అనగానే గుడి, వీణ, సంగీతం గుర్తొస్తాయి. పాలిష్ మిషన్ పక్కన రోజంతా నిలబడే మనిషి నోట ఆ మాట రాదు. బండను తట్టి చూసి, ఖంగుమంటే మంచిదని, డొల్లగా పలికితే లోపల పగులుందని చెప్పే మనిషి ఆమె. ఆమెకు అది సద్దు. మా వైపు పిల్లల్ని ‘సద్దు చేయద్దండి’ అనే అంటాం. శబ్దం నుంచి వచ్చిన తద్భవం అది, ముగ్గుతో హాయిగా కలుస్తుంది.

సద్దు అంటే గోల, గోలలో ఆకారం రాదు అని ఒకరు రాశారు. బలమైన మాట. స్థిరమైన ఒకే శ్రుతి ఉంటేనే పలక మీద గీతలు నిలుస్తాయి, పది చప్పుళ్లు కలిస్తే ఇసుక చెదిరిపోతుంది. రెండు రోజులు దీనికి నా దగ్గర జవాబు లేదు. తర్వాత ఒక గిన్నె మీద బెలూన్ రబ్బరు బిగించి, సన్నరవ్వ చల్లి, కింద స్పీకర్ పెట్టి చూశాను. రవ్వ నిలిచింది రబ్బరు అదిరే చోట కాదు, అదరని చోట. ఇంటర్ పుస్తకంలో దాన్నే అస్పందన స్థానం అంటారు. అదిరే చోటి నుంచి ప్రతి గింజా ఎగిరిపడి, కదలిక లేని గీత దొరికేదాకా తిరిగి, అక్కడ ఆగుతుంది. మనం గొడవ తగ్గితే ‘సద్దుమణిగింది’ అంటాం. ఆ గీతలన్నీ సద్దుమణిగిన చోట్లే. సద్దు లేకపోతే రవ్వ కదలదు, సద్దు మణగకపోతే రవ్వ నిలవదు. రెండూ ఒకే మాటలో ఉన్నాయి.

అందుకని కథలో ఆకారం పేరు సద్దుముగ్గు. శాస్త్రానికి పెద్దవాళ్లు సభల్లో నాదాకృతిశాస్త్రం అంటారు, ఆ పేరు సూచించినవారికి కృతజ్ఞతలు. ఫ్యాక్టరీలో వాళ్లు మాత్రం ‘ముగ్గు పోసేపని’ అంటారు.

ఒక్క సందేహం మిగిలింది. కడప, కర్నూలు వైపు కూడా పునాదికి ముగ్గు ‘పోయడమేనా’, వేరే క్రియ ఏమైనా వాడతారా? మీ ఊరి మేస్త్రి నోట విన్నదే రాయండి, ఊరి పేరుతో సహా.