ఆలివర్ అడిగింది ‘మోర్’ మాత్రమేనా, ‘సమ్ మోర్’ అనా?

పాతసంచిక: డికెన్స్ నవల ‘ఆలివర్ ట్విస్ట్’ రెండో అధ్యాయంలో పిల్లవాడు ఖాళీ గిన్నె పట్టుకుని వర్క్‌హౌస్ (పేదలను ఉంచి పని చేయించుకుని తిండి పెట్టే గృహం) మాస్టర్ ముందుకు వెళ్ళి అడిగే వాక్యం నాకు ‘ప్లీజ్ సర్, ఐ వాంట్ మోర్’ అని గుర్తు. మధ్యలో ‘సమ్’ ఉందనీ, అది పోతే వాక్యమే పడిపోతుందనీ ఒక మిత్రుడు గట్టిగా అంటున్నాడు. పుస్తకం దగ్గరున్నవారు చూసి చెప్పగలరా? ఉన్న పక్షంలో తెలుగులో దానికి ‘కొంచెం’ అనే మాట పెట్టాలా, అక్కర్లేదా?

తెరచాప: ఉందండీ, ఒకసారి కాదు, రెండుసార్లు ఉంది. మాస్టర్ నిర్ఘాంతపోయి ‘వాట్’ అన్న తర్వాత కూడా ఆలివర్ అదే వాక్యాన్ని అక్షరం మార్చకుండా మళ్ళీ చెబుతాడు. మీకు గుర్తున్నది బహుశా అక్కడి చిన్న అధికారి బంబుల్ మాట అయి ఉంటుంది. అతడు వర్క్‌హౌస్‌ను నడిపే బోర్డు గదిలోకి పరుగున వచ్చి ‘ఆలివర్ ట్విస్ట్ హాజ్ ఆస్క్‌డ్ ఫర్ మోర్’ అంటాడు, బోర్డు పెద్ద లింబ్‌కిన్స్ దాన్నే రెట్టిస్తాడు. అంతకు ముందు గంజి వడ్డన వర్ణించే చోట, ఒక్కొక్క పిల్లవాడికి ‘వన్ పోరింజర్, అండ్ నో మోర్’ (ఒక చిన్న గిన్నెడు, అంతకు మించి లేదు) అని రచయితే అంటాడు. నియమం ‘నో మోర్’ అంటే, పిల్లవాడు ‘సమ్ మోర్’ అన్నాడు, పెద్దల చెవిన పడేసరికి అది ఉత్త ‘మోర్’ అయింది. ఈ మూడు మెట్లనూ డికెన్స్ తెలిసే కట్టాడని నా దృఢమైన నమ్మకం. అందువల్ల ‘కొంచెం’ వదిలేసిన అనువాదం ఆ పిల్లవాడికి అన్యాయం చేసినట్టే.

వ్యాకర్త: తెరచాప గారూ, మూడు మెట్ల మాట బాగుంది కాని, ఇంగ్లీషులో ఊనిక లేని ‘సమ్’ పరిమాణాన్ని చెప్పదు, మంచినీళ్ళు ఇవ్వమన్నప్పుడు కూడా ఆ మాట వస్తుంది, అంతమాత్రాన అడిగినవాడికి దాహం తక్కువ అని కాదు. ఇక్కడ పట్టించుకోవలసిన మాట ‘వాంట్’. మీరు చూపిన ‘నో మోర్’ వాక్యం తర్వాతిదే చూడండి: ‘ది బౌల్స్ నెవర్ వాంటెడ్ వాషింగ్’. పిల్లలు చెంచాలతో గీకి గీకి మెరిపించేవారు కనుక ఆ గిన్నెలు కడగవలసిన పని ఉండేది కాదట. అక్కడ ‘వాంట్’ కోరిక కాదు, అవసరం. అదే అర్థం ఆలివర్ నోట కూడా ఉందని తీసుకుంటే, అతడు కోరిక వెలిబుచ్చడం లేదు, తనకు చాలలేదని చెబుతున్నాడు. మన ‘కావాలి’ ఈ రెండు అర్థాలనూ మోయగలదు కనుక వేరే మాట వెతకనక్కర్లేదు.

గట్టువారు: మన పంక్తి భోజనాల్లో రెండోసారి వడ్డించడానికి ‘మారు’ అనే చక్కని మాట ఉండగా ‘ఇంకొంచెం’, ‘చాలలేదు’ అంటూ తంటాలు పడటం ఎందుకు? ‘అయ్యా, మారు పెట్టండి’ అంటే సరిపోతుంది.

తెరచాప: సరిపోదండీ. మారు అడిగేవాడు అతిథి, వడ్డించేవాడికి అది సంతోషం. రాతి హాలులో రాగి కాగు పక్కన గరిటె పట్టుకుని నిలబడ్డ మాస్టర్‌ని మారు అడగడం పొసగదు.

సీమచదువరి: అందరూ డికెన్స్ దగ్గరే ఆగిపోయారు కాని, పేదల గృహాన్ని కళ్ళకు కట్టినవాడు కవి జార్జ్ క్రాబ్ అని నేనంటాను. 1783 నాటి ఆయన కావ్యం ‘ది విలేజ్’లో మట్టిగోడలు, విరిగిన తలుపు, పగలంతా దిగులుగా మూలిగే రాట్నం, తల్లిదండ్రులు లేని పిల్లలు, పిల్లల ప్రేమ ఎరగని తల్లిదండ్రులు, అందరూ ఒకే కప్పు కింద కనిపిస్తారు. క్రాబ్ స్వయంగా వైద్యం చేసి, తర్వాత మతాచార్యుడైనవాడు కనుక, రోగి ముఖం చూడకుండా హడావుడిగా వచ్చిపోయే వైద్యుణ్ణీ, వేటకు పోయి పేదవాడి మంచం దగ్గరకు రాని మతాచార్యుణ్ణీ ఆయన వదిలిపెట్టలేదు. అక్కడి ముసలివాడు మనుషుల సాయం అడగడం కూడా మానేసి నోరెత్తకుండా పోతాడు. నా దృష్టిలో ఆలివర్ వాక్యం కంటే ఆ అడగకపోవడం ఎక్కువ బాధ పెడుతుంది. వర్డ్స్‌వర్త్ ముసలి బిచ్చగాడి పద్యంలో వర్క్‌హౌస్‌కు ఉన్న ‘పరిశ్రమ గృహం’ అన్న పేరే తప్పుడు పేరని అంటాడు గాని, లోపలికి తీసుకుపోయి చూపించడు.

వ్యాకర్త: క్రాబ్ మీద నాకూ గౌరవం ఉంది, అయితే ఆయన చూపినది పాత పేదల చట్టం కింద ఒక గ్రామం నడుపుకున్న గృహం. 1834 నాటి కొత్త పేదల చట్టం తర్వాత అనేక పారిష్‌లు (చర్చి పేరున ఏర్పడిన స్థానిక విభాగాలు) కలిసి కట్టిన వర్క్‌హౌస్ వేరు. అందులో భార్యాభర్తలను, పిల్లలను వేరువేరు భాగాల్లో ఉంచేవారు. లోపలి బతుకు, బయటి కూలివాడి బతుకు కంటే హీనంగా ఉంటేనే ఎవరూ ఊరికే వచ్చి చేరరన్నది దాని వెనుక ఉన్న సూత్రం.

కాగితపుపడవ: ఆ చట్టం కింద కమిషనర్లు పంపిన ఆహార పట్టికల్లో ఈ చర్చకు పనికివచ్చే నియమం ఒకటి ఉంది. తొమ్మిదేళ్ళ లోపు పిల్లలకు ఎంత పెట్టాలో అధికారుల ఇష్టం, తొమ్మిది దాటినవారికి ఆడవాళ్ళతో సమానంగా పెట్టాలి. బంబుల్ ఆలివర్‌ను వర్క్‌హౌస్‌కు తీసుకువచ్చింది సరిగ్గా అతని తొమ్మిదో పుట్టినరోజు నాడే. 1837లో ఈ కథ నెలనెలా అచ్చవుతున్నప్పుడు చదివినవారిలో ఆ పట్టికలు తెలిసినవారు ఉండే ఉంటారు. అందుచేత ఆలివర్ బతిమాలడం లేదనీ, తనకు రావలసిన వాటా అడుగుతున్నాడనీ నా ఊహ. పట్టికల్లో రోజూ రొట్టె ఉంది, వారంలో కొన్ని రోజులు మాంసం ఉంది. మూడుపూటలా పలచని గంజి, వారానికి రెండు ఉల్లిపాయలు, ఆదివారం అర రొట్టె అన్నది నవలలోని అతిశయం.

సీమచదువరి: అతిశయం అనే ముందు ఇంగ్లండ్‌లోని ఆండోవర్ వర్క్‌హౌస్‌ను తలుచుకోవాలి. అక్కడ ఎరువు కోసం ఎముకలు దంచే పని చేసిన మనుషులు, ఆ ఎముకలకు అంటుకున్న కండనూ లోపలి మూలుగనూ తిన్నారని 1845లో బయటపడింది, పార్లమెంటు విచారణ జరిగింది. పట్టికలో రాసినదంతా పళ్ళెంలోకి చేరిందని ఎలా అనుకుంటాం?

తెరచాప: లింబ్‌కిన్స్ అడిగే ప్రశ్నలోనే ఆ పట్టిక ఉంది: ‘డయటరీ’ ప్రకారం కేటాయించిన భోజనం తిన్న తర్వాత కూడా అడిగాడా అని. ఆయన దృష్టిలో పిల్లవాడి కేటాయింపు పూర్తయింది కనుక అడిగినది ఎంతైనా ఒకటే, అందుకే ఆయన నోట ‘సమ్’ రాదు.

వ్యాకర్త: ఆయన నోట రాకపోవడానికి కారణం ‘ఆస్క్ ఫర్’ తర్వాత ఆ మాట సహజంగానే జారిపోవడం. ఇందులో డికెన్స్ ఉద్దేశం ఉందని ఒప్పుకోవాలంటే ఆయన రాసిన మరో చోట ఇలాంటిది చూపించండి.