విడాకుల కేసు ఎవరి ఊళ్లో నడవాలి? భార్య అడిగితే బదిలీ ఇవ్వాల్సిందేనా?

బెజవాడ అక్క:
మా చెల్లెలి భర్త హైదరాబాద్‌లో విడాకులకు వేశాడు. చెల్లి చంటిపిల్లతో విజయవాడలో అమ్మానాన్నల దగ్గర ఉంది. వాయిదా అంటే బిడ్డనెత్తుకుని 270 కిలోమీటర్లు పోవాలి. తోడు నాన్న, ఆయనకేమో మోకాళ్ల నొప్పులు. కేసు ఇక్కడికి మార్పించాలంటే సుప్రీంకోర్టుకే వెళ్లాలన్నారు లాయరు గారు. ఆడవాళ్లు అడిగితే కాదనరని ఒకరు, వీడియో కాల్‌లో విచారణ ఉండగా బదిలీ దేనికని ఇంకొకరు. మీరేమంటారు?

కరీంనగర్ తమ్ముడు:
అక్కా, మీ చెల్లెలి కష్టం కష్టమే. 'అడిగితే కాదనరు' అన్న కాడనే నాకు అభ్యంతరం. నా భార్య మనోవర్తి కేసు, గృహహింస కేసు వాళ్ల ఊళ్లోనే వేసింది. చట్టం ఆ వీలు ఇచ్చింది, తప్పు పట్టను. నేను వేసిన ఒక్క కేసు కూడా అక్కడికే పోయింది. మా అమ్మకు డయాలసిస్. నేను వాయిదాకు పోతే ఆమెను దవాఖానకు తీసుకపోయేటోళ్లు లేరు. భార్యకు, తోడొచ్చే మనిషికి చార్జీలు ఇస్తనన్నా కోర్టు వినలేదు. ఆడవాళ్ల పట్ల కోర్టులు చూపే ఈ ఉదారతను కొందరు దుర్వినియోగం చేస్తున్నరని, ప్రతి పిటిషన్‌ను దాని మంచిచెడ్డలు చూసే తేల్చాలని 2006లో అనిందితా దాస్ కేసులో సుప్రీంకోర్టే చెప్పింది కదా.

గుంటూరు వకీలు:
తమ్ముడూ, అమ్మగారి డయాలసిస్ సంగతి కౌంటర్‌లో, అంటే బదిలీ పిటిషన్‌కు మీరిచ్చే జవాబులో, కాగితాలతో సహా పెట్టాల్సిన విషయమే. భార్య సౌకర్యం ముందు చూడటం కోర్టులు పాటిస్తూ వచ్చిన పద్ధతి, 2022లో ఎన్.సి.వి. ఐశ్వర్య కేసులోనూ అదే చెప్పారు. అది సరైనదనే నా అభిప్రాయం. సంపాదన లేని మనిషి, చంకలో బిడ్డ ఉన్న మనిషి వాయిదాలకు రాలేకపోతే ఎక్స్‌పార్టీ డిక్రీ, అంటే ఆమె వాదన వినకుండానే తీర్పు, అయిపోతుంది. చార్జీలిస్తే బస్సు టిక్కెట్టు వస్తుంది, పిల్లను కోర్టు వరండాలో పొద్దంతా ఎవరు పట్టుకుంటారు? మీరు ఎలాగూ రెండు కేసులకు అక్కడికి వెళ్తున్నారు కాబట్టి అన్నీ ఒకే రోజుకు వాయిదా వేయమని అడగండి.

నన్ను ఎక్కువ బాధపెట్టేది వేరే. సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ) సెక్షన్ 24 కింద రాష్ట్రం లోపల బదిలీ హైకోర్టు చేస్తుంది, రాష్ట్రం దాటితే సెక్షన్ 25, సుప్రీంకోర్టు. 2019 జనవరి 1 దాకా మనకు ఉమ్మడి హైకోర్టు ఉండేది. ఇప్పుడు శ్రీకాకుళం కేసు అనంతపురం మార్చాలంటే అమరావతిలో తేలుతుంది, పక్కనే ఉన్న ఖమ్మం కేసు విజయవాడ రావాలంటే ఢిల్లీ! అటు ఇటు సంబంధాలు కలుపుకున్న కుటుంబాలు ఎన్ని వేలు! 2022 నవంబరులో సుప్రీంకోర్టులో ఇలాంటి వివాహ కేసుల బదిలీ పిటిషన్లే 3,000 దాకా పేరుకుపోతే, ప్రతి బెంచీ రోజుకు పది చొప్పున వినాలని ప్రధాన న్యాయమూర్తి చంద్రచూడ్ ఏర్పాటు చేయాల్సి వచ్చింది. పక్క రాష్ట్రాల మధ్య బదిలీలు తేల్చే అధికారం హైకోర్టులకు ఇస్తూ పార్లమెంటు సెక్షన్ 25ను సవరించాలి.

కరీంనగర్ తమ్ముడు:
ఆ సవరణకు నేనూ ఒప్పుకుంట. మరి వీడియో ఎందుకు వద్దు? బదిలీకి బదులు వీడియోలో విచారణ జరపొచ్చని 2017లో సుప్రీంకోర్టు కృష్ణవేణి నాగం తీర్పులో చెప్పింది.

వైజాగ్ లెక్చరర్:
అదే ఏడాది అక్టోబరులో శాంతిని కేసులో ముగ్గురు జడ్జీల బెంచీ 2:1తో దాన్ని పక్కన పెట్టింది. బదిలీ పిటిషన్‌లో వీడియో విచారణకు ఆదేశించకూడదని, రాజీ ప్రయత్నం విఫలమయ్యాకే ఫ్యామిలీ కోర్టు దాన్ని ఆలోచించవచ్చని మెజారిటీ అంది. ఫ్యామిలీ కోర్టు చట్టంలో భార్యాభర్తల్లో ఒక్కరు కోరినా విచారణ ఆంతరంగికంగా జరపాలని ఉంది. ఫోనులో ముఖం కనపడుతుంది కానీ, ఆ గదిలో పక్కన నిలబడి ఎవరు బెదిరిస్తున్నారో జడ్జికి కనపడదు. ఆ తీర్పులో విభేదించినది జస్టిస్ చంద్రచూడే, వీడియోను మొదట్లోనే కాదనకూడదన్నారు. కోవిడ్ తర్వాత ఆ వాదనకు బలం పెరిగిందని ఒప్పుకుంటాను. అయినా కౌన్సెలింగ్‌కు మాత్రం ఇద్దరూ ఎదురెదురుగా కూర్చోవాల్సిందే.

గుంటూరు వకీలు:
బెజవాడ అమ్మాయికి ఒక మాట. ఢిల్లీ అనగానే హడలిపోకండి. పిటిషన్ ఆన్‌లైన్‌లో దాఖలు చేయవచ్చు. 1987 న్యాయసేవల చట్టం ప్రకారం ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచిత లాయరు దొరుకుతారు, మీ జిల్లా న్యాయసేవాధికార సంస్థలో అడగండి. పిటిషన్‌తో పాటు హైదరాబాద్ కేసు మీద స్టే, అంటే విచారణ ఆపే ఉత్తర్వు, కూడా కోరాలి. అది వచ్చేదాకా వాయిదాలు మాత్రం తప్పించుకోవద్దు, అక్కడ ఒక లాయరును పెట్టి వకాలత్ వేసి ఉంచండి. రానుపోను ఖర్చులకు హిందూ వివాహ చట్టం సెక్షన్ 24 కింద అక్కడే పిటిషన్ వేయించండి.